రుచి గడిలో నా సంతకం

మా ప్లాంటులో రొయ్య గేటు దాటిన దగ్గర నుంచి కంటైనరు ఎక్కేదాకా పన్నెండు చోట్ల కాగితం నింపాలి. బండిలో ఉష్ణోగ్రత ఎంత, ఐసు ఎంత మిగిలింది, కడిగిన నీళ్ళలో క్లోరిన్ ఎంత, తల తీశాక తూకం ఎంత, పౌండుకి ఎన్ని రొయ్యలు తూగుతున్నాయి, ఫ్రీజరులోకి ఎన్నింటికి వెళ్ళాయి, బయటికి వచ్చాక నడిమి కండ ఎంత చల్లగా ఉంది, పైన పట్టించిన మంచు పొర బరువెంత, లోహపు ముక్కలేమైనా ఉన్నాయా, పెట్టె మీద చీటీ సరిగా ఉందా, కంటైనరు సీలు నంబరు ఎంత. ఇవి పదకొండు. పన్నెండోది రుచి. కాగితంలో చివర ఉంటుంది గాని, జరిగే వరసలో అదే మొదటిది. చెరువులో రొయ్య పట్టకముందే రైతు తెచ్చిన నమూనాని ఉడకబెట్టి, తిని చూసి, ఆ తర్వాతే కొనాలా వద్దా అని చెప్పాలి.

ఆ పన్నెండో గడిలో నేను పద్నాలుగు నెలలు సంతకం పెట్టాను. ఆ పద్నాలుగు నెలల్లో ఒక్క రొయ్య కూడా నోట్లో పెట్టలేదు.

ఆమదాలవలసలో మాది కిరాణా కొట్టు. ఇంట్లో నీచు వండరు. గుడ్డు కూడా గుమ్మం దాటి లోపలికి రాదు. కొట్లో గుడ్లు అమ్ముతాం, అది వేరే సంగతి. ఫుడ్ టెక్నాలజీలో బీటెక్ చదువుతున్నప్పుడు బిస్కెట్టో పాలో నా దారి అనుకున్నాను. ఉద్యోగం భోగాపురం దగ్గర రొయ్యల ఫ్రీజింగు ప్లాంటులో వచ్చింది. అమ్మ వద్దనలేదు. నాలుగు షరతులు పెట్టింది. ప్లాంటు బట్టలు ఇంటికి తేకూడదు. ఆదివారం రాగానే పెరట్లో స్నానం చేయాలి. ఆ తర్వాతే వంటింటి గుమ్మం. అన్నం దగ్గర ఆ కబుర్లు చెప్పకూడదు. నోట్లో పెట్టకూడదన్నది అయిదోది. దాన్ని పైకి అనలేదు. అనాల్సిన అవసరం ఉంటుందని ఆమెకి తోచి ఉండదు.

చేరిన వారంలోనే మా క్వాలిటీ మేనేజరు ఒక గిన్నె, ఒక పొయ్యి, ఒక ఫారం చూపించి, "నమూనా వస్తే తల తీయకుండా, ఉప్పు వేయకుండా ఉడికించు. వాసన చూడు, తిను, తొమ్మిదికి ఎన్ని మార్కులో వెయ్యి," అని వెళ్ళిపోయాడు. ఉడికించడం వచ్చు. వాసన చూడడం వచ్చు. పళ్ళెం ముందు పెట్టుకుని నిలబడ్డాను.

ల్యాబు గిన్నెలు కడిగే ఆమె నా వెనకే ఉంది. నలభై ఏళ్ళుంటాయి. అంతకుముందు ఎనిమిదేళ్ళు తల తీసే బల్ల దగ్గర పని చేసి, చేతులు ఐసుకి తిమ్మిరెక్కుతున్నాయని ల్యాబుకి మారింది.

"ఏటి బాబూ, పది నిమిషాల నుంచి దాన్ని సూస్తన్నావు గానీ తినవేటి?"

"నేను తినను అక్కా."

"ఒంట్లో బాలేదా?"

"కాదు. మా ఇంట్లో అలవాటు లేదు."

ఆమె కడుగుతున్న గిన్నె వదిలేసి నడుం మీద చేతులు పెట్టుకుంది. "ఓలమ్మో! రొయ్యల కంపెనీకి రొయ్య తినని ఆఫీసరొచ్చాడే! ఇటు తే." ఒకటి ఒలిచి నోట్లో వేసుకుని, కళ్ళు మూసుకుని నమిలింది. "తియ్యగున్నాది. మంచిది. రాసుకో."

ఎనిమిది అని రాసి, కింద సంతకం పెట్టాను. మొదలు అదే.

తర్వాత అది పద్ధతి అయిపోయింది. ఆమె మార్కులు చెప్పదు, మాటలు చెబుతుంది. ఆ మాటలకి నేను ఒక పట్టిక తయారు చేసుకున్నాను. తీపి అంటే ఎనిమిది. సప్ప అంటే ఆరు. మెత్త అంటే అయిదు. 'నిన్నటిది' అంటే నాలుగు. బురద అంటే రెండు, సరుకు వద్దని అర్థం. ఒకసారి ఆమెకి చెప్పకుండా ఒకే సరుకుని గంట తేడాతో రెండు నంబర్ల కింద పెట్టాను. రెండోది నోట్లో వేసుకోగానే, "ఇందాకటిదే కదేటి? మతిగానీ పోయిందా బాబూ?" అంది. ఆ రోజు నుంచి ఆమె నాలుక మీద నాకు సందేహం లేదు. సంతకం సంగతి మాత్రం ఆలోచించలేదు. తప్పు చేస్తున్నానని కూడా అనిపించలేదు. ఫలితం సరైనదేగా అనుకున్నాను.

బురద వాసన గురించి ఇక్కడ కొంచెం చెప్పాలి. వానలు పడి చెరువులో ఉప్పు తగ్గితే నీలిపచ్చ నాచు పెరుగుతుంది. అది నీళ్ళలోకి ఒక వాసన వదులుతుంది, ఆ వాసన రొయ్య కండలో చేరుతుంది. రోగం కాదు, విషం కాదు, తింటే ఏమీ కాదు. కానీ తినేవాడికి మట్టి తిన్నట్టుంటుంది. ఫ్రీజింగు దాన్ని తగ్గించదు. గడ్డ కట్టించడమంటే బాగుచేయడం కాదు, ఉన్నదాన్ని ఉన్నట్టుగా ఆపడం. కుళ్ళు పెరగదు, బురద తగ్గదు. మా దగ్గర పెట్టెలో పెట్టిన బురద నెలన్నర తర్వాత సముద్రం అవతల ఎవరి వంటింట్లోనో అంతే తాజాగా బయటపడుతుంది. అప్పుడు కంటైనరు మొత్తం వెనక్కి. అమెరికా సుంకాలు పెంచిన దగ్గర నుంచి కొనేవాళ్ళు పేచీ పెట్టడానికి మరీ సిద్ధంగా ఉంటున్నారు. అందుకని రుచి గడిలో రెండు పడితే మా ప్లాంటు ఆ చెరువు జోలికి పోదు.

దసరా ముందు వారం రోజులు ముసురు పట్టింది. ముసురు తెరిపిచ్చిన మర్నాడు ఒక నమూనా వచ్చింది. కిలో రొయ్య, ఐసు, ఇంగ్లీషులో రాసిన చీటీ. ఉడికించాను. ఆమె ఒకటి నోట్లో వేసుకుని రెండు సార్లు నమిలి సింకులో ఉమ్మేసింది. పద్నాలుగు నెలల్లో ఆమె ఉమ్మడం అదే మొదటిసారి.

"బురద బాబూ. గట్టి బురద. ఏ ఊరిదిది?"

చీటీ చదివి ఊరి పేరు చెప్పాను. మా ప్లాంటుకి ఉత్తరాన, ఉప్పుటేరు పక్కనున్న ఊరు. ఆమె నీళ్ళు పుక్కిలించింది.

"మా ఊరే. రైతు పేరేటి?"

చెప్పాను.

"మా పక్కిల్లు. నాకు వరసకి బావ అవుతాడు. మా ఇంటాయన కాపలా ఉండేది ఆ సెరువు మీదే."

నేను కలం ఎత్తి ఆమె వైపు చూశాను. ఆమెకి కోపం వచ్చింది.

"అలగ సూస్తావేటి? మారస్తాననుకున్నావా? బురద బురదే. రాసీ. కానీ నా పేరెత్తకు. ఆ ఊళ్ళో నాను కాపరం సెయ్యాలి."

రెండు వేసి సంతకం పెట్టాను. రైతుకి కబురు వెళ్ళింది: పది రోజులు ఆగండి, నీళ్ళు మార్చండి, మళ్ళీ నమూనా పంపండి.

మర్నాడు పొద్దున్నే రైతు వచ్చాడు. యాభై అయిదేళ్ళ మనిషి. మోకాళ్ళ దాకా ఎండిన బురద. వరి పండక ఉప్పెక్కిన భూమిని చెరువు చేసుకున్నవాడు. ఉన్నది ఒకటే చెరువు. సెక్యూరిటీ వాళ్ళు ఆయనకి టోపీ, గుడ్డ చెప్పులు తగిలించి ల్యాబు దాకా తెచ్చారు.

"ఎవుడయ్యా నా రొయ్య బురదన్నాడు?"

"నేనేనండి."

"నువ్వా?" నన్ను కింద నుంచి పైదాకా చూశాడు. "పది రోజులాగమంటన్నావు. నాకు ఎగువనున్న రెండో సెరువుకి తెల్లమచ్చ వచ్చీసింది, తెలుసా నీకు?"

తెలియదు. తెల్లమచ్చ అంటే ఏమిటో తెలుసు. రొయ్యల చెరువుకి అంతకంటే చెడ్డ రోగం లేదు. గుల్ల మీద తెల్లటి చుక్కలు కనిపించాక నాలుగైదు రోజుల్లో చెరువు ఖాళీ అయిపోతుంది. నీళ్ళ ద్వారా పాకుతుంది. కాకి ఒక చచ్చిన రొయ్యని పక్క చెరువులో జారవిడిచినా చాలు.

"ఆ సెరువోడు గుట్టుగా నీళ్ళు ఏట్లోకి ఒగ్గీసినాడు. నానిప్పుడు నీళ్ళు మార్సాలంటే ఆ ఏటి నీళ్ళే తోడుకోవాలి. అంటే రోగాన్ని నాను మోటరెట్టి తెచ్చుకోవాలి. తెల్లమచ్చ నీ కాయితం సూసి పది రోజులాగుతాదేటి? రేపు పట్టేస్తానంటే నీకేటి నొప్పి? నాలుగు నెలలు మేపినాను బాబూ."

"పడితే మా వాళ్ళు తీసుకోరండి."

"నువ్వు రాసినావు గాబట్టి తీసుకోరు. తిన్నావా నువ్వు? సెప్పు. నా రొయ్య నువ్వు తిన్నావా?"

నా వెనక సింకు దగ్గర ఆమె గిన్నెలు తోముతోంది. టోపీ, ముక్కూ మూతీ కప్పిన మాస్కు, కాళ్ళ దాకా గౌను. కళ్ళు తప్ప ఏమీ కనిపించవు. 'తిన్నాను' అన్న ఒక్క మాటతో పోయేది.

"లేదండి. నేను తినను. తినేవాళ్ళ చేత చూపించాను."

ఆయన మేనేజరు గది వైపు, నా వైపు, గోడ మీది ఫారాల వైపు చూశాడు. "మరి సంతకం నీదెందుకున్నాది?"

గోడ నుంచి ఆ ఫారం తీసి బల్ల మీద బోర్లా పెట్టాను.

"సరే. ఆ తిన్నోడెవుడో పిలు. నా ఎదర తినమను. నా మొకం మీద సెప్పమను బురదని."

వెనక కుళాయి ఆగింది.

"ఎవరినీ పిలవను. మీ ఎదరే నేను తింటాను," అన్నాను.

"బాబూ!" అన్నది మాస్కు లోపలి నుంచి. ఆయన అటు చూసి, మళ్ళీ నా వైపు తిరిగాడు.

ఊరికే తిని 'అవును, బురదే' అంటే ఆయన ఒప్పుకోడు. ఒప్పుకోకూడదు కూడా. నా నాలుకకి మంచి రొయ్య ఎలా ఉంటుందో తెలియదు. అందుకని చదువుకున్న పద్ధతి ఒకటి ఆయనకి చెప్పాను. మూడు పళ్ళాలు. రెండింటిలో ఒకే సరుకు, మూడోదానిలో వేరేది. ఏది ఎక్కడుందో తినేవాడికి తెలియదు. మంచిదేదో చెప్పనక్కరలేదు, వేరుగా ఉన్నదేదో చెబితే చాలు. ఒక్కసారే చేస్తే గుడ్డిగా చెప్పినా మూడింట ఒకసారి కుదురుతుంది. కాబట్టి మూడుసార్లు చేయాలి.

"మీరు కూడా తినండి. వేరుగా. ఒకరి మాట ఒకరు వినకుండా," అన్నాను.

"తింటాను. నాకేటి బయం?"

అంతకుముందు రోజు తీసుకున్న మంచి సరుకు ఒకటి ఫ్రిజ్‌లో ఉంది. దాన్ని, ఆయన నమూనాలో మిగిలినదాన్ని విడివిడిగా ఉడికించాం. అడ్డగోడ అవతల ఆమె పళ్ళాలు సర్ది, అడుగున నంబరు చీటీలు అంటించి తెచ్చింది. మాట్లాడకుండా పెట్టి వెళ్ళింది. ముందు నేను.

మొదటిది నోట్లో పెట్టినప్పుడు నాకు తెలిసింది రుచి కాదు, ముందు ఆ నమలడం. పంటి కింద అది సాగి, తెగిన తీరు. ఉమ్మే గిన్నె చేతిలోకి తీసుకున్నాను. పద్ధతి ప్రకారం ఉమ్మవచ్చు, పుస్తకాల్లో రాసి ఉంటుంది.

"ఉమ్మితే ఏటి తెలుస్తాది?" అన్నాడాయన గుమ్మం దగ్గర నుంచి. "సగం రుచి గొంతులో ఉంటాది."

మింగాను. రెండోది కూడా అలాగే ఉంది. మూడోది నమిలి ఊపిరి వదలగానే ముక్కు వెనక నుంచి ఒక వాసన లేచింది. రొయ్య నాకు తెలియదు గాని ఆ వాసన తెలుసు. మా కొట్టు వెనక గదిలో బంగాళదుంపల బస్తా అడుగు. అమ్మ బీట్‌రూట్ ఉడకబెట్టి వార్చిన నీళ్ళు. తర్వాత పుస్తకంలో చూస్తే బీట్‌రూట్‌లోనూ బురద రొయ్యలోనూ ఉండేది ఒకే పదార్థం. అప్పుడు అదేమీ తెలియదు. మూడో పళ్ళెం నంబరు రాసుకున్నాను. రెండో చుట్టులో మొదటి పళ్ళెం. మూడో చుట్టులో మళ్ళీ మూడోది. మొత్తం తొమ్మిది రొయ్యలు.

తర్వాత ఆయన కూర్చున్నాడు. నేను బయటికి వెళ్ళాను. ఆయనకి తినడంలో ఇబ్బంది లేదు కదా, త్వరగానే అయింది. లోపలికి వచ్చేసరికి ముఖం వెలిగిపోతోంది.

"వేరేదేదో నాను సెప్పలేను గానీ, మంచిదేదో సెప్తాను. ఇదీ రొయ్యంటే. మిగిలిన రెండూ సప్పిడి కూడు. మూడు సుట్లూ రాసినాను సూడు."

ఆమె చీటీలు విప్పింది. నేను వేరేదన్న మూడూ ఆయన చెరువువే. ఆయన మంచివన్న మూడూ కూడా ఆయన చెరువువే.

"సూసినావా!" అన్నాడు తొడ చరిచి. "మూడుకి మూడూ నాదే! నా రొయ్యే బాగుందన్నాను!" కాసేపు నవ్వాడు. తర్వాత పళ్ళాల వైపు చూస్తూ నవ్వు తగ్గించాడు. "అంటే... తేడా ఉన్నట్టే కదేటి."

"ఉందండి. మీకు బాగుందనిపించిందే అక్కడివాళ్ళకి బురద."

"మా బావి నీళ్ళూ అలగే ఉంటాయి. పుట్టిన కాడి నుంచి అయ్యే తాగతన్నాం." గుడ్డ చెప్పుల వైపు చూసుకున్నాడు. "ఆగితే పోతాదా ఇది?"

"పోతుంది. నాచు తగ్గి కొత్త నీళ్ళు పడితే వారం పది రోజుల్లో కండలోంచి పోతుంది."

"ఈలోపు తెల్లమచ్చ వచ్చీస్తే?"

"అది నేను చెప్పలేనండి."

"తెల్దని సెప్పడం తెలుసు నీకు. అదొకటి నయం."

ఆయన ముందు మూడు దారులున్నాయి. రేపే పట్టి చవగ్గా బయట ఏజెంటుకి ఇచ్చేయడం. అబద్ధం చెప్పి వేరే ప్లాంటుకి తీసుకెళ్ళడం, వాళ్ళూ తిని చూస్తారు. లేదా ఆగడం. చెరువు గట్టున ఒక ఉప్పునీళ్ళ బోరు ఉంది, ధార సన్నం. ఏటి నీళ్ళు ముట్టుకోకుండా దానితోనే రాత్రీ పగలూ తోడితే రోజుకి జానెడు నీళ్ళు మారతాయేమో. ఆయన వేళ్ళ మీద ఏదో లెక్క వేసుకుని, "ఆగుతాను. నువ్వొచ్చి తినాలి. ఇక్కడ కాదు, నా సెరువు గట్టు మీద," అని లేచాడు.

ఆయన వెళ్ళాక ఆమె మాస్కు కిందికి లాగి గాలి పీల్చుకుంది. రుచి గడిలో ఇకనుంచి ఆమె సంతకం ఉండేలా మేనేజరుతో మాట్లాడతానన్నాను.

"ఎందుకు? నా మీద ఏటి కోపం నీకు?"

"చూసేది నువ్వు కదక్కా."

"సూస్తాను, నీకు సెప్తాను. సంతకం నువ్వెట్టు. జీతమిచ్చేది నీకు దానికే. ఇయ్యాల బావొచ్చాడు, రేపింకోడొస్తాడు. అందరూ నాకు సుట్టాలే బాబూ ఈ ఏటెమ్మట. నువ్వయితే ఆదివారం రైలెక్కి ఎల్లిపోతావు." గిన్నె తీసుకుని సింకు వైపు తిరిగి, "తినడం నేర్సుకో. ఇప్పుడు తొమ్మిది తిన్నావు కదా, సచ్చిపోనేదు కదా," అంది.

అలా ఆ రోజు నుంచి ఇద్దరం తింటున్నాం. ముందు నేను రాసుకుంటాను, తర్వాత ఆమె చెబుతుంది. మొదటి నెల పదింటిలో నాలుగు తప్పాను.

రైతు వచ్చిన వారంలోనే, ఆదివారం ఇంటికి వెళ్ళినప్పుడు నాన్నకి కొట్లోనే చెప్పాను. ఆయన చింతపండు బుట్టలు దింపించుకుంటున్నారు. రెండు బుట్టల్లోంచి ఒక్కో రేక తీసి నాలుక మీద పెట్టుకుని, ఒక బుట్ట వెనక్కి పంపేశారు. అప్పుడు నా వైపు చూశారు.

"ఉమ్మేశావా, మింగేశావా?"

"మింగాను నాన్నా."

"ఎన్ని?"

"తొమ్మిది."

"తొమ్మిదే! ఉద్యోగం కోసం తిన్నట్టు లేదురా, ఆకలేసి తిన్నట్టుంది." ఆయన నవ్వితే నాకు గుండె దిటవైంది. వెంటనే నవ్వు ఆపేశారు. "చింతపండు నాలిక మీద పెట్టకుండా నేను బుట్ట దింపించను. నువ్వు పద్నాలుగు నెలలు ఎలా పెట్టావురా సంతకం?"

నేను మిగిలిన బుట్టని లోపలికి జరిపాను.

"మీ అమ్మకి నేను చెప్తాలే. నువ్వు చెప్తే ఒకటి, రెండు, మూడు అని జాబితా చదువుతావు."

ఏం చెప్పారో తెలియదు. అమ్మ ఏమీ అడగలేదు. తర్వాతి ఆదివారం పెరట్లో నా తువ్వాలు పక్కన కొత్త బ్రష్షు, పేస్టు ఉన్నాయి.

రైతు ల్యాబుకి వచ్చి వెళ్ళిన మూడో రోజున మోటారు సైకిలు మీద చెరువుకి వెళ్ళాను. బోరు కొట్టుకుంటోంది. చెరువు చుట్టూ కర్రలు పాతి, పక్షులు దిగకుండా దారాలు కట్టారు. కాపలాదారు, అంటే మా ల్యాబు ఆమె భర్త, డబ్బా వాయిస్తూ గట్టు మీద తిరుగుతున్నాడు. రైతు నాచు తగ్గడానికి బెల్లం, తవుడు పులియబెట్టిన నీళ్ళు చల్లుతున్నాడు. వల పళ్ళెంలో వేసిన మేత ఎంత తిన్నాయో గంట గంటకీ లేపి చూస్తున్నారు. తింటున్నాయి, అంటే రోగం ఇంకా రాలేదు. గట్టు మీద మూడు రాళ్ళ పొయ్యి పెట్టి ఉడికించి ఇచ్చారు. బురద అలాగే ఉంది. చెప్పాను.

అయిదో రోజు కొంచెం తగ్గింది. అదీ చెప్పాను. రైతు గట్టు మీద కూర్చుని, కాపలాదారు అవతలి మూలకి వెళ్ళేదాకా ఆగి, గొంతు తగ్గించాడు.

"ఆ రోజు ముక్కూ మూతీ కట్టుకుని గిన్నెలు తోమింది మా పక్కింటిదే కదేటి?"

నేను నీళ్ళ వైపు చూశాను.

"గుడ్డ కడితే మనిషి దాగుతాదేటి? ఇరవయ్యేళ్ళుగా సూస్తన్నాను దాని నడక. తిన్నది అదే. దాని నాలిక సంగతి నాకు తెలుసు, మా ఇంట్లో పులుసు కాస్తే గుమ్మంలో నుంచే ఉప్పు సాలలేదంటాది." కర్రతో నేల మీద గీత గీశాడు. "నాకు తెలుసని దానికి సెప్పకు. తెలిస్తే మొకం సెల్లక మా ఇంటికి రావడం మానేస్తాది. మా ఇంటిదానికీ దానికీ పొద్దుపోదు."

ఆమెకి చెప్పలేదు. ఇద్దరికీ మధ్య అది అలాగే ఉంది.

ఎనిమిదో రోజు పొద్దున ఎనిమిదింటికి కాపలాదారు ఫోను చేశాడు. తూర్పు గట్టు పక్కన రొయ్యలు పైకి తేలి ఈదుతున్నాయట. నాలుగు పట్టి చూస్తే రెండింటి గుల్ల మీద చుక్కలున్నాయట. రాత్రి వేసిన మేత మేసినట్టు లేదట. ఇక ఆగడానికి లేదు. మేనేజరుకి చెప్పి, ఐసు బండి ఎక్కి పదిన్నరకి అక్కడికి చేరాను. తెల్లమచ్చ మనుషులకి ఏమీ చేయదు. బతికుండగా పడితే ఆ రొయ్యని కొంటారు. కానీ రుచి గడి మాత్రం ఉంది.

వలవాళ్ళు పదహారు మంది నడుము దాకా నీళ్ళలో దిగి, వల పట్టుకుని నిలబడి ఉన్నారు. నేను సరే అంటేనే లాగడం, మా బండిలోకి. కాదంటే ఏజెంటు బండి వెనకే ఉంది. రైతు స్వయంగా పొయ్యి ఊదాడు. పళ్ళెం ఇచ్చి ఎదురుగా గొంతుక్కూర్చున్నాడు.

తోక కండ తిన్నాను. శుభ్రంగా ఉంది. మళ్ళీ ఒకటి తిన్నాను, మళ్ళీ ఒకటి. నాకు నమ్మకం కుదిరేదాకా ఆరు తిన్నాను. తర్వాత తలలు చప్పరించాను. తలలో ఇంకా ఉంది, సన్నగా.

తలతో సహా అమ్మే సరుకుగా ఇది పనికిరాదు. తల తీసిన సరుకుగా పనికొస్తుంది. అదే చెప్పాను.

"తల తీసీస్తే తూకం తగ్గదేటి?"

"తగ్గుతుందండి. రేటూ తగ్గుతుంది. మొదట మీరనుకున్నంత రాదు."

"ఏజెంటు ఇచ్చేదాని మీద?"

"ఎక్కువే."

ఆయన లేచి చెరువంతా ఒకసారి చూశాడు. తూర్పు పక్క నీళ్ళ మీద అప్పటికే తెల్లగా కొన్ని తేలుతున్నాయి.

"లాగండ్రా," అన్నాడు.

సాయంత్రం నాలుగున్నరకి పట్టుబడి అయిపోయింది. రొయ్య పొర, ఐసు పొర, మళ్ళీ రొయ్య పొర. క్రేట్లు బండి ఎక్కాయి. చచ్చినవి పట్టిన దానిలో సుమారు నాలుగో వంతు. వాటిని గట్టు అవతల గొయ్యి తీసి, సున్నం చల్లి పూడ్చారు.

"మొదటి రోజే పట్టీసుంటే?" అన్నాడు రైతు, చేతులు కడుక్కుంటూ. నా మీద నేరం మోపే గొంతు కాదు. నిజంగానే అడుగుతున్నాడు.

"మొదటి రోజు పట్టి ఉంటే ఒక్కటీ చచ్చేది కాదు. మా బండి మాత్రం వచ్చేది కాదు. మొత్తం చవగ్గా పోయేది. ఏది ఎక్కువయ్యేదో ఏజెంటు రేటు వేసి చూస్తేగాని చెప్పలేను."

"ఎయ్యకు. ఇప్పుడేసి ఏటి సేస్తావు?"

కాపలాదారు చెరువు తూము దగ్గర నిలబడి, నీళ్ళు ఏట్లోకి వదిలేయమంటారా అని కేక వేశాడు. చెరువు ఎండితేనే తర్వాతి పంటకి దున్నడం, ఎరువు వేయడం. వదిలితే రెండు రోజుల్లో ఖాళీ. వదలకపోతే బ్లీచింగు వేసి, రోగం చచ్చేదాకా వారాల తరబడి అలాగే ఉంచాలి.

"ఒగ్గకు. బస్తాలడ్డం ఎయ్యి," అన్నాడు రైతు. జేబులోంచి ఫోను తీసి, దిగువ చెరువాయనకి కలిపి, లౌడు స్పీకరులో పెట్టాడు.

"ఏట్రా మావా?" అంది అవతలి గొంతు.

"నా సెరువుకొచ్చీసింది. ఇయ్యాల పట్టీసినాను. నానైతే నీళ్ళు ఒగ్గడం లేదు, కానీ ఆ పైవోడు ఒగ్గీసి తొమ్మిది రోజులైంది. నీ మోటరు ఆపీ. ఏటి నీళ్ళు ముట్టకు."

"ఇప్పుడే ఏసినాను మోటరు."

"బేగి ఎల్లి ఆపరా మరి, ఫోనట్టుకుని కూకుంటావేటి!"

మా డ్రైవరు హారన్ కొట్టాడు. నేను రుచి గడిలో ఏడు వేసి, పక్కన 'తల లేకుండా' అని రాసి, సంతకం పెట్టి బండెక్కాను. కాపలాదారు, వలవాళ్ళలో ఇద్దరు ఇసక బస్తాలు మోసుకుంటూ తూము వైపు వెళ్తున్నారు.